దయచేసి ఎక్కకండి

శ్రోతలకు నమస్కారం. ఏ పార్కులోనో అడవి దారిలోనో నడుస్తుంటే ఒక బోర్డు ఎదురవుతుంది: 'ఇక్కడ దాటరాదు'. ఎందుకో ఉండదు. వెంటనే అవతల ఏముందో చూడాలనిపిస్తుంది. నాలుగు గోడలు వదిలి స్వేచ్ఛగా తిరుగుదామని వస్తే ఇక్కడా పెత్తనమేనా అని కాస్త చిరాకు కూడా. నాకూ అలాగే ఉంటుంది.

ఇలాంటప్పుడు నాకు గుర్తొచ్చేది ఆస్ట్రేలియాలోని ఉలురు. ఎడారి నడుమ 348 మీటర్ల ఎత్తున ఒక ఎర్రటి కొండ. అక్కడి మూలవాసులు అనంగు ప్రజలకు అది పవిత్రమైన చోటు. పర్యాటకులకేమో ఎక్కి ఫోటో దిగాల్సిన కొండ. 1960లలో పట్టుకుని ఎక్కడానికి గొలుసు కూడా బిగించారు.

1985 అక్టోబరు 26న ప్రభుత్వం ఆ నేలను అనంగులకు తిరిగి అప్పగించింది. వాళ్లు దాన్ని జాతీయ పార్కు కోసం 99 ఏళ్లకు లీజుకిచ్చారు. వాళ్లకు మొదటి నుంచీ ఎవరూ ఎక్కడం ఇష్టం లేదు. అయినా అప్పట్లో గొలుసు అలాగే ఉండేది, దారి తెరిచే ఉండేది. కొండ కింద మాత్రం ఒక బోర్డు వెలిసింది. ఇది మా ఇల్లు, దయచేసి ఎక్కకండి అని. కారణాలూ చెప్పారు. ఆ దారి మా పూర్వీకులు నడిచిన పవిత్రమైన దారి, మా నేల మీద ఎవరికైనా ప్రమాదం జరిగితే మాకు బాధ, అని. అది ఉత్త మాట కాదు. ఆ కొండ ఎక్కబోయి 35 మందికి పైగా చనిపోయారు.

దయచేసి ఎక్కకండి. అంతే. ఎక్కాలా వద్దా అన్నది అప్పట్లో వచ్చినవాళ్ల ఇష్టం.

1990లలో నూటికి డెబ్బైమందికి పైగా ఎక్కేవాళ్లు. 2015 నాటికి పదహారు మందే. గాలికీ ఎండకీ దారి మూసేసే రోజులు చాలా ఉండేవి, అదీ కొంత కారణమే. కానీ అడిగితే వినేవాళ్లు మనం అనుకునేకంటే ఎక్కువమంది అని నేను నమ్ముతాను. 2017లో పార్కు పాలకమండలి ఓ నిర్ణయం తీసుకుంది: 2019 అక్టోబరు 26 నుంచి ఎక్కడం పూర్తిగా బంద్. గడువు దగ్గరపడే కొద్దీ ఏమైంది? జనం పోటెత్తారు, కొండ కింద క్యూలు కట్టారు! మూసేస్తారంటే ఎక్కడలేని ఆత్రం వస్తుంది, వాళ్లను మరీ తిట్టుకోలేం.

అన్నిచోట్లా బతిమాలుతూ కూర్చోలేమన్నదీ నిజమే. అమెరికాలోని ఎల్లోస్టోన్‌లో వేడి నీటి బుగ్గల దగ్గర చెక్క దారి దిగితే నేల పలచటి పెంకు, దాని కింద మరిగే నీళ్లు. అక్కడ ఇరవైమందికి పైగా కాలిన గాయాలతో పోయారు. అలాంటి చోట గట్టిగానే వద్దనాలి. కానీ అక్కడ కూడా 'దిగరాదు' అని ఊరుకోకుండా 'కింద మరిగే నీళ్లున్నాయి' అంటే ఎవరి కాలు ముందుకు పడుతుంది?

అందుకే బోర్డులు రాసేవాళ్లకు నేను చెప్పేది ఒక్కటే. ఎందుకో ఒక్క వాక్యం కలపండి. ఆ బోర్డును మనిషి అటు వెళ్లాలా వద్దా అని ఆలోచించే మలుపు దగ్గరే పెట్టండి. గేటు దగ్గర ఒకే పలక మీద ఇరవై నియమాలు రాస్తే, టికెట్ కొనే తొందరలో ఎవరూ చదవరు. సెలవు.