ఫలానావారి నాయనమ్మ కాదు, కమలాబాయి

సభాధ్యక్షులకు, వేదిక మీది పెద్దలకు, ముందు వరుసలో కూర్చున్న పిల్లలకు నమస్కారం. పెద్దల పేర్లన్నీ చదివితే నాకిచ్చిన సమయం అందుకే సరిపోతుంది. మన్నించాలి.

మరికాసేపట్లో 1919 నాటి మూకీ ‘కాళియ మర్దన్’ వేస్తారు. దాని గురించి నాలుగు మాటలు చెప్పి దిగిపొమ్మన్నారు. అలాగే చేద్దామనుకున్నాను. తీరా ఆహ్వానపత్రిక చేతికొచ్చాక మనసు అక్కడే ఆగిపోయింది. ‘ప్రముఖ నటుడు విక్రమ్ గోఖలే గారి నాయనమ్మ, తొలితరం నటి కమలాబాయి’ అని అచ్చువేశారు. మనవడు గొప్ప నటుడే, కాదనను. కానీ 1913లో ఆమె కెమెరా ముందు నిలబడేనాటికి ఆ మనవడి తండ్రే ఇంకా పుట్టలేదండీ!

ఆ సంవత్సరం మే 3న బొంబాయిలో దాదాసాహెబ్ ఫాల్కే తీసిన మన దేశపు తొలి కథాచిత్రం ‘రాజా హరిశ్చంద్ర’ విడుదలైంది. అందులో చంద్రమతి ఎవరో మీకు తెలుసు. చెప్పండి... అదిగో, సగం హాలు నవ్వుతోంది. అన్నా సాళుంకే. మగవాడు. సినిమాలో వేషం వేయమంటే ఆడవాళ్లెవరూ ముందుకు రాలేదు. ఫాల్కే వేశ్యావాటికల దాకా వెళ్లి అడిగారు, వాళ్లూ ఛీ కొట్టారు. చివరికి గ్రాంట్ రోడ్డులో ఒక హోటల్లో వంటవాడు కనిపించాడు. సన్నటి ఒళ్లు, నాజూకు చేతులు. నెలకు పది రూపాయల జీతం. ఫాల్కే పదిహేను ఇస్తానన్నారు, అంతే, గరిటె పక్కన పెట్టి చీర కట్టాడు. 1917లో ‘లంకా దహన్’ వచ్చేసరికి రాముడూ అతనే, సీతా అతనే! తరువాత కెమెరామన్ కూడా అయ్యాడు.

చూశారా, ఈ కథ ఎంత రుచిగా ఉందో. సినిమా చరిత్ర మీద ఏ సభకు వెళ్లినా ఇదే చెబుతారు, అందరూ నవ్వుకుని ఇంటికి వెళతారు. ఆ తరువాతి సినిమాలో ఏం జరిగిందని ఎవరూ అడగరు. నా పేచీ అంతా అక్కడే.

ఆడవేషం కట్టిన మగవాడు మనకు కొత్తేమీ కాదు. స్థానం నరసింహారావు గారి సత్యభామను తలచుకుని ఇవాళ్టికీ మురిసిపోతాం. అది మహాకళ. మన సురభి నాటకాల్లోనేమో ఇంటి ఆడవాళ్లే ఆడవేషాలు కట్టారు. రెండూ చూసిన జాతి మనది. కనుక ఆడది రంగస్థలం ఎక్కడమంటే ఏమిటో మనకు విడమరిచి చెప్పనక్కర్లేదు.

తరువాతి సినిమా ‘మోహినీ భస్మాసుర్’. ఫాల్కే నాసిక్‌కు మకాం మార్చాక తీసినది. అందులో పార్వతి దుర్గాబాయి కామత్, మోహిని ఆమె కూతురు కమల, అదే మన కమలాబాయి. తల్లీకూతుళ్లు. మన సినిమా తెర మీద తొలి ఆడవాళ్లు. దుర్గాబాయి భర్త నుంచి విడిపోయి పసిపిల్లతో బయటికొచ్చిన మనిషి. అప్పట్లో అలాంటి ఆడదానికి లోకం చూపించిన దారులు రెండే: నలుగురి ఇళ్లలో పాచిపని, లేదా ఒళ్లమ్ముకోవడం. ఆమె ఆ రెండూ కాదని ఊరూరా తిరిగే నాటక కంపెనీలో చేరింది. కులం వెలివేసింది. కమల నాలుగేళ్లకే రంగస్థలం ఎక్కింది.

పదమూడేళ్లు నిండీ నిండని పిల్ల మోహిని వేషంలో ఎలా ఉండి ఉంటుందో ఒక్కసారి ఊహించండి. అలవాటైంది రాత్రిపూట దీపాల వెలుతురు, హార్మోనియం, పద్యానికి వన్స్‌మోర్లు. ఇక్కడ పట్టపగటి ఎండ, ఎదురుగా చేత్తో తిప్పే పెట్టె. గొంతెత్తి పాడినా ఆ పెట్టెకు వినపడదు. భస్మాసురుడి చేతిని వాడి నెత్తి మీదికే రప్పించే ఆ నాట్యం అంతా ఒంటితోనే చెప్పాలి. చెప్పింది.

అయినా ఏమైంది? నాలుగేళ్లకు మళ్లీ సీతగా సాళుంకే! ఆడవాళ్లు దొరకకపోవడమే కారణమైతే, దొరికాక ఏమొచ్చింది? ఇంకో తమాషా వినండి. ఇవాళ మీరు చూడబోయే ‘కాళియ మర్దన్’లో బాలకృష్ణుడు ఫాల్కే గారి కూతురు మందాకిని. కృష్ణుడికి ఆడపిల్ల, సీతకు మగవాడు!

కమలాబాయి మాత్రం నాటకాన్ని వదల్లేదు. పెళ్లాడింది రఘునాథరావు గోఖలేని. ఆయనా కుర్రతనంలో ఆడవేషాలు వేసినవాడే, గొంతు మారాక మానేశాడు. చిన్న వయసులోనే ఆయన పోతే, ముగ్గురు కొడుకులనూ నాటకం మీదే పెంచింది. ఒకరు నటుడయ్యారు, ఇద్దరు తబలా విద్వాంసులయ్యారు. టాకీలు వచ్చాక వాటిలోనూ నటించింది. ఆఖరి సినిమా 1980లో. 1913 ఎక్కడ, 1980 ఎక్కడ! చేతితో తిప్పే కెమెరా నుంచి రంగుల తెర దాకా నడిచిన మనిషిని, అయ్యా నిర్వాహకులూ, మనవడి చెయ్యి పట్టించి పరిచయం చేస్తారా?

ఆమె ప్రతిభ ఎంతో చూసి చెబుదామంటే ‘మోహినీ భస్మాసుర్’ మనకు మిగల్లేదు. మన దేశంలో పదమూడు వందలకు పైగా మూకీలు తీశారు, దక్కినవి పిడికెడు. అప్పటి నైట్రేట్ ఫిల్ముకు నిప్పంటుకుంటే నీళ్లు పోసినా ఆరదు. కాలిపోయినవి కాలిపోయాయి, మిగిలినవాటిని కరిగించి వెండి తీసుకున్నారు. పుణెలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ పుట్టిందే 1964లో. తెలుగువాళ్లం మనమేమైనా తక్కువ తిన్నామా? రఘుపతి వెంకయ్య గారి కుమారుడు ప్రకాశ్ తీసిన ‘భీష్మ ప్రతిజ్ఞ’ ఏదీ? అందులో గంగగా వేసిన ఆంగ్లో ఇండియన్ అమ్మాయిని ఈ హాల్లో ఎందరు పేరు పెట్టి పిలవగలరు?

టైమైపోయిందని కాగితం అందింది. ఒక్క మనవి చేసి దిగిపోతాను. మీలో పాత టూరింగ్ టాకీసుల కుటుంబాలవాళ్లు ఉండవచ్చు. అటక మీద తుప్పుపట్టిన రేకు డబ్బాలు కనిపిస్తే ఎండలో పెట్టకండి, పొయ్యి దగ్గర తెరవకండి, పుణె ఆర్కైవ్‌కు కబురు పెట్టండి. మరాఠీవాళ్ల సినిమా మా అటక మీదకెందుకు వస్తుందని అనుకోవద్దు. మాటల్లేని బొమ్మకు భాష అడ్డం కాదు, ఆ రీళ్లు దేశమంతా తిరిగాయి. డబ్బా మీద పేరు లేదని మాత్రం పారేయకండి.