పది రోజుల ముందే వేయించుకోవాల్సిన టీకా

శ్రోతలకు నమస్కారం.

హజ్‌కు బయల్దేరే పెద్దవాళ్లకూ, అమెరికాలో సీటొచ్చిన పిల్లలకూ మన హైదరాబాద్‌లో ఒకే టీకా అవసరం పడుతుంది. అదే మెనింగోకాకల్ టీకా. సూది పడింది, కార్డు మీద ముద్ర పడింది, ఇక పనైపోయిందని చాలామంది అనుకుంటారు. ఆ కార్డు మీద నేను ముందు చూసేది మాత్రం తేదీ.

సౌదీలో దిగడానికి కనీసం 10 రోజుల ముందు ఈ టీకా వేయించుకుని ఉండాలి. టెక్సస్ కాలేజీలు కూడా 22 ఏళ్లలోపు విద్యార్థులను క్లాసులు మొదలవడానికి పది రోజుల ముందే వేయించుకోమంటాయి. ఇది ఆఫీసువాళ్లు పెట్టిన వట్టి గడువు కాదు. టీకా పడ్డాక ఒంట్లో యాంటీబాడీలు తయారవడానికి ఆ మాత్రం సమయం పడుతుంది. రేపు శంషాబాద్‌లో ఫ్లైట్ అనగా ఇవాళ క్లినిక్‌కి పరిగెడితే కాగితం చేతికొస్తుంది గానీ, రక్షణ అప్పుడే రాదు.

ఇంతకీ ఇది ఏం జబ్బు? దోమకాటుతో వచ్చే మెదడువాపు కాదు. ఇది నైసీరియా మెనింజైటిడిస్ అనే బ్యాక్టీరియా పని. సుమారు పదిమందిలో ఒకరి ముక్కులోనో గొంతులోనో ఇది ఏ హానీ చేయకుండా ఉండిపోతుంది. దగ్గరదగ్గరగా మసిలేవాళ్ల మధ్య తుంపర్లతో, లాలాజలంతో పాకుతుంది. ఎప్పుడో ఒకసారి రక్తంలోకి, మెదడు పొరల్లోకి దిగుతుంది. అప్పుడు వైద్యం అందినా వందకు పది పదిహేనుమంది దక్కరు. బతికి బయటపడ్డవాళ్లలో కొందరికి వినికిడి పోతుంది, కొందరికి వేళ్లో కాళ్లో తీసేయాల్సి వస్తుంది.

ఈ బ్యాక్టీరియాలో కొన్ని రకాలున్నాయి. 1987 హజ్‌లో ఎ రకం ప్రబలింది. 2000లో డబ్ల్యూ రకం యాత్రికులతోపాటు వాళ్ల దేశాలకూ, ఇళ్లకూ చేరింది. ఆ దెబ్బతోనే సౌదీ ఎ, సి, డబ్ల్యూ, వై అనే నాలుగు రకాలకూ పనిచేసే టీకాను తప్పనిసరి చేసింది. ఆ టీకాను రెండు విధాలుగా చేస్తారు: బ్యాక్టీరియా పైపొరలోని చక్కెర పదార్థంతోనే చేసింది పాత పాలీశాకరైడ్ టీకా, దాన్ని ఒక ప్రొటీన్‌కు జోడించి చేసింది కాంజుగేట్ టీకా. కాంజుగేట్ కార్డు అయిదేళ్లు చెల్లుతుంది, పాలీశాకరైడ్‌ది మూడేళ్లే. మీకు ఏది వేశారో కార్డు మీద రాయించుకోండి.

ఈ నాలుగు రకాల్లో బి అనే మరో రకం లేదు. బి రకం బ్యాక్టీరియా పైపొర మన నాడీకణాల మీదుండే పదార్థాన్ని పోలి ఉండడంతో, ఒళ్లు దాన్ని పరాయిదిగా పట్టుకోలేదు. అందుకే ఆ పైపొరను వదిలేసి, ప్రొటీన్లతో బి టీకాను వేరేగా తయారు చేశారు. మీ కాలేజీ అదీ అడుగుతోందేమో ఫారం మరోసారి చూడండి.

మన దేశానికీ ఇందులో గొప్ప వాటా ఉంది. పుణేలోని సీరం ఇన్‌స్టిట్యూట్ తయారుచేసిన ఎ రకం టీకాను 2010లో బుర్కినాఫాసోలో మొదలుపెట్టారు. ధర డోసుకు అర డాలర్ లోపే. టీకా వేసిన ఆఫ్రికా దేశాల్లో ఎ రకం దాదాపు కనుమరుగైంది. ఇక్కడ ప్రభుత్వం పిల్లలందరికీ ఉచితంగా వేసే టీకాల్లో మాత్రం మెనింగోకాకల్ లేదు. ప్రయాణం లేనివాళ్లు టెన్షన్ పడనక్కర్లేదు. ప్లీహం తీసేసినవాళ్లు మాత్రం డాక్టర్ని తప్పక అడగాలి.

హాస్టల్‌కు వెళ్లే పిల్లలకు ఇంకో మాట. హఠాత్తుగా జ్వరం, మెడ బిగుసుకుపోవడం, ఒంటి మీద ఎర్రటి లేదా ఊదారంగు మచ్చలు కనిపిస్తే గాజుగ్లాసును మచ్చ మీద ఆనించి నొక్కండి. రంగు మాయకపోతే తెల్లారేదాకా ఆగకుండా ఎమర్జెన్సీకి వెళ్లండి. మచ్చలు రాలేదని కూడా ఆగకండి, కొందరికి అవి రావు. ఒకరికి జబ్బని తేలితే అదే గదిలో ఉన్నవాళ్లు, టీకా వేయించుకున్నా సరే, ముందుజాగ్రత్తగా యాంటీబయాటిక్ కావాలేమో అదే రోజు డాక్టర్ని అడగాలి.