అక్షరానికి తాళం వేసిన వ్యాపారం
(ఒంగోలులో గ్రంథాలయ వారోత్సవాల సందర్భంగా చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. వేదిక మీదున్న పెద్దలకు, గ్రంథాలయ సిబ్బందికి, కనిగిరి నుంచి, కందుకూరు నుంచి బస్సులెక్కి వచ్చిన పాఠకులకు, వెనక నిలబడి ఉన్న డిగ్రీ పిల్లలకు. ముందు వరసలో కుర్చీలు ఖాళీగా ఉన్నాయి, వచ్చి కూర్చోండమ్మా. పెద్దల పేర్లన్నీ వరసగా చదవడం మన సభల్లో ఆనవాయితీ. నాకిచ్చిన సమయం తక్కువ, చెప్పాల్సింది ఎక్కువ. ఈ పూటకి మన్నించండి.

నాకిచ్చిన అంశం కంప్యూటర్, ఇంటర్నెట్ రంగాల్లో కొత్త ఆవిష్కరణల ఆర్థికశాస్త్రం. నేను ప్రెస్సు నడిపినవాణ్ణి. కాలితో తొక్కే ట్రెడిల్ మెషీను దగ్గర మొదలుపెట్టి, కంప్యూటర్ మీద పేజీలు కూర్చే డీటీపీ దాకా వచ్చాను. అక్కడ నాకు తెలిసినదాన్ని పట్టుకునే మాట్లాడతాను.

ఈ రంగంలో మొదటి చిక్కును కెన్నెత్ ఆరో అనే ఆర్థికవేత్త 1962లోనే చెప్పాడు. కొత్త సంగతి కనిపెట్టడానికి బోలెడు ఖర్చవుతుంది. కనిపెట్టాక దాన్ని ఇంకొకరికి అందించడానికి దాదాపు ఖర్చే ఉండదు. అలాంటప్పుడు కనిపెట్టినవాడికి డబ్బెలా వస్తుంది? రాకపోతే రేపు ఎవడు కనిపెడతాడు? సాఫ్ట్‌వేర్ విషయంలో ఇది మరీ నిజం. ఏళ్ల తరబడి రాసిన ప్రోగ్రాం ఒక్క నిమిషంలో కాపీ అవుతుంది. అందుకని కంపెనీలు రెండు దారులు పట్టాయి. మంచి సరుకు చేసి, ఏటేటా ఇంకా మెరుగుచేసి అమ్ముకోవడం ఒకటి. కొన్నవాడు వదిలి వెళ్లలేకుండా కట్టేసుకోవడం రెండోది. రెండిట్లోనూ డబ్బు వస్తుంది. పద్దు పుస్తకంలో రెండూ ఒకేలా కనిపిస్తాయి. కానీ సమాజానికి జరిగేది వేరు. నా మాటంతా ఈ తేడా గురించే.

సీసపు అక్షరాల కాలం చూసినవాళ్లు ఇక్కడ ఇంకా ఉన్నారు. అప్పుడు మేం టైపును బరువు లెక్కన కొనేవాళ్లం. అక్షరాలు పోతపోసే ఈ ఫౌండ్రీలో కొంత, ఆ ఫౌండ్రీలో కొంత. అక్షరం అందం ఎవరిది వాళ్లదే, ధర ఎవరిది వాళ్లదే. కానీ అక్షరం ఎత్తు మాత్రం అందరిదీ ఒకటే. అందుకే ఎవరి దగ్గర కొన్నా మా మెషీను మీద ఎక్కేది. ఒక ఫౌండ్రీ మూతపడితే ఇంకోదాని దగ్గరికి పోయేవాళ్లం. ఉన్న టైపు పనికిరాకుండా పోయేది కాదు.

కంప్యూటర్ వచ్చాక ఆ సౌకర్యం పోయింది. కంప్యూటర్‌కి అక్షరం తెలియదు, సంఖ్యే తెలుసు. ఇంగ్లిష్ అక్షరాలకు సంఖ్యలు ముందే ఖాయమయ్యాయి. తెలుగు ఫాంట్లు, అంటే తెర మీది అక్షరాల రూపాలు, చేసిన ఒక్కో కంపెనీ ఆ ఇంగ్లిష్ సంఖ్యల గళ్లలోనే మన తలకట్లు, కొమ్ములు, వత్తులు తనకి తోచిన చోట కూర్చోబెట్టుకుంది. ఒక కంపెనీ 'క' పెట్టిన గడిలో ఇంకో కంపెనీ 'ణ' వత్తు పెడుతుంది. ఇక్కడ టైపు చేసిన పెళ్లి శుభలేఖను అక్కడ తెరిస్తే పిచ్చి గీతలు వచ్చేవి.

ఆ సాఫ్ట్‌వేర్‌తో పాటు వేలంత డబ్బా ఒకటి ఇచ్చేవాళ్లు. ప్రింటర్ కేబుల్ పెట్టే చోట దాన్ని బిగించాలి. 'లాక్' అనేవాళ్లం. అది ఉంటేనే తెలుగు వస్తుంది. ఒక ఏడు మూఢం పోయి ముహూర్తాలు మొదలైన వారంలో పిడుగు పడింది. కంప్యూటర్ లోపల, ప్రింటర్ కేబుల్ తగిలించే పోర్టు కార్డు పోయింది, లాక్ కాలిపోయింది. మా కుర్రాడు పినాకినీ రైలెక్కి, కంప్యూటర్ సామాన్లు అమ్మే మద్రాసు రిచీ స్ట్రీట్‌కి వెళ్లి ఆ కార్డు తక్కువ ధరకే తెచ్చేశాడు. ఏ కంపెనీ కార్డని కూడా అడగలేదు. లాక్ కోసం ఫోన్ చేస్తే మళ్లీ సాఫ్ట్‌వేర్ మొత్తం ధర కట్టమన్నారు. రసీదు చూపిస్తానన్నాను. కాలిన లాక్ వెనక్కి పంపుతానన్నాను. వినలేదు. గుమ్మంలో పెళ్లివాళ్లు నిలబడి "అన్నా, కార్డులెప్పుడిస్తావు?" అంటున్నారు. ఆ టెన్షన్ మీకు చెప్పినా అర్థం కాదు. ఇంకో కంపెనీ సాఫ్ట్‌వేర్ అంతకంటే చవకగా దొరికేది. కానీ మా ఫైళ్లన్నీ పాత సంఖ్యల్లో ఉన్నాయి. అందుకే అడిగినంతా కట్టాను.

పిల్లలూ, ఒకే పిడుగుకి పోయిన ఈ రెండు వస్తువుల ధరలు చూడండి. ఆర్థికశాస్త్రం అక్కడే ఉంది. ఆ కార్డు ఎందుకు చవక? 1981లో ఐబీఎం తన పర్సనల్ కంప్యూటర్‌ని తొందరగా మార్కెట్లోకి తేవాలని బయటివాళ్ల విడిభాగాలతో చేసింది. లోపలి వివరాలను పుస్తకంగా అచ్చువేసి అమ్మింది. మరుసటేడే కాంపాక్ లాంటివాళ్లు దానికి సరిపోయే యంత్రం ప్రకటించారు. ప్రపంచమంతా విడిభాగాలు చేయడం మొదలైంది, ధరలు పడిపోయాయి. 1987లో ఐబీఎం పీఎస్/2 అనే కొత్త కంప్యూటర్ తెచ్చి, కార్డు పెట్టే గాడికి లైసెన్స్ ఫీజు అడిగింది. పోటీ కంపెనీలు తొమ్మిది కలిసి తమ గాడి తాము చేసుకున్నాయి. మార్కెట్ ఐబీఎం వెంట నడవలేదు. రిచీ స్ట్రీట్‌లో మనవాడు బేరమాడి కార్డు కొన్నాడంటే ఐబీఎం మొదట తెరిచిన ఆ తలుపు మూతపడకపోవడం వల్లే.

ఇంటర్నెట్ కథా అంతే. ఇంటర్నెట్‌కి మూలమైన 1969 నాటి ఆర్పానెట్ అమెరికా ప్రభుత్వ సొమ్ముతో కట్టింది. 1983 జనవరి 1 నుంచి అందులోని కంప్యూటర్లన్నీ ఒకే నియమావళిలో మాట్లాడుకోవాలని తీర్మానించారు. ఆ మీద, వేరే కంప్యూటర్లలోని సమాచారం వెతికి చదువుకునే గోఫర్ అని ఒకటి వచ్చింది. మిన్నెసోటా విశ్వవిద్యాలయంలో పుట్టింది, వెబ్‌కి గట్టి పోటీ. 1993 మొదట్లో ఆ విశ్వవిద్యాలయం గోఫర్ సర్వర్‌కి ఫీజు వసూలు చేస్తామంది. అదే ఏడు ఏప్రిల్ 30న, వెబ్ పుట్టిన పరిశోధన సంస్థ సెర్న్ ఆ వెబ్‌ని ఎవరైనా ఊరికే వాడుకోవచ్చని రాసిచ్చింది. గోఫర్ వెనకబడడానికి ఫీజొక్కటే కారణమనను. వెబ్‌లో బొమ్మలు కనిపించడమూ పెద్ద ఆకర్షణ. కానీ ఫీజు మాట వినగానే కొత్తగా ఏదైనా కట్టాలనుకున్నవాళ్లు వెనక్కి తగ్గారు.

ఇంత దూరం ఎందుకు, మన కొత్తపట్నం చేపల దగ్గర చూడండి. చేపలమ్మే ఆమె పెట్టిన క్యూఆర్ కోడ్ ఒక కంపెనీది, మీ ఫోన్‌లో యాప్ ఇంకో కంపెనీది, మీ బ్యాంకు వేరు, ఆమె బ్యాంకు వేరు. డబ్బు చేరుతుంది. 2016లో యూపీఐ రాకముందు, ఫోన్‌లో డబ్బు వేసుకునే ఒక కంపెనీ వ్యాలెట్‌లో డబ్బు ఇంకో వ్యాలెట్‌కి పోయేది కాదు. 2011లో దేశమంతా నంబర్ మారకుండా కంపెనీ మారే వీలు వచ్చాక ఫోన్ కంపెనీల తీరు ఎలా మారిందో మీరే చూశారు.

సరే, తెలుగు అక్షరం దగ్గరికి మళ్లీ రావాలి. అది చెప్పకుండా దిగలేను.

ప్రపంచ భాషల అక్షరాలకు ఒక్కోదానికి ఒక్కో ఖాయమైన సంఖ్య ఇచ్చే పట్టిక యూనికోడ్. 1991లో దాని మొదటి కూర్పు వచ్చింది. ఒకరితో ఒకరు తలపడే యాపిల్, ఐబీఎం, మైక్రోసాఫ్ట్ లాంటి కంపెనీలే కలిసి కూర్చుని చేసిన పని అది. భారతీయ భాషల అక్షరాలకు సంఖ్యలిస్తూ మన ప్రభుత్వం తయారుచేయించిన ఇస్కీ పట్టిక ఆధారంగా అందులో తెలుగుకి 128 గళ్లు కేటాయించారు. 'క' సంఖ్య 3093. నెల్లూరులోనైనా న్యూయార్క్‌లోనైనా అదే. విండోస్ ఎక్స్‌పీతో గౌతమి ఫాంటు వచ్చింది. పోతన 2000 అనే ఫాంటు ఉచితంగా దొరికింది. 2003లో తెలుగు వికీపీడియా మొదలైంది. అక్షరం సంఖ్య అందరిదీ అయ్యాక, ఎవరి అనుమతీ అడగకుండా ఎంతమంది ఎన్ని చేశారో చూడండి. ఫోన్‌లో మీరు తెలుగులో వెతుకుతున్నది ఆ చలవే.

అయితే ఫాంట్ కంపెనీలు దుర్మార్గం చేశాయా? అలా అనను. మన ట్రంకు రోడ్డులోనే దొంగ కాపీలు ఎన్ని నడిచాయో ఇక్కడున్న డీటీపీ మిత్రులకు తెలుసు. అక్షరం రూపం గీసినవాడికి కూలి దక్కాలి. ఆ కూలి అక్షరం అందానికి తీసుకో, వేగానికి తీసుకో, ఎంతైనా అడుగు. అక్షరం సంఖ్యకి తాళం వేసి, నేను రాసుకున్న మాట నాకే కనపడకుండా చేసి తీసుకోకు. నేను పోట్లాడేది ఇంతవరకే.

ఆ తాళం ఇంకా ఊడలేదు. పేజీలు కూర్చే సాఫ్ట్‌వేర్ పేజ్‌మేకర్ 7.0 వచ్చింది 2001లో, ఆ తర్వాత కొత్త వెర్షన్ లేదు. అయినా చాలా షాపుల్లో నేటికీ పాత ఫాంట్లతో అందులోనే పని. అలవాటు, పాత ఫైళ్లు, నేర్చుకోవడానికి లేని తీరిక, అన్నీ కలిసి కట్టిపడేశాయి.

కనిగిరి వైపు ఒక మాస్టారు ఉండేవారు. మెట్ట సేద్యంలో మనవాళ్లు వాడే మాటలు, నేలల పేర్లు, పశువుల రోగాల పేర్లు, ఆడవాళ్లు కలుపు తీస్తూ పాడే పాటలు అన్నీ పోగుచేసి మా ప్రెస్సులో పుస్తకం వేయించుకున్నారు. ఆయన పోయారు. కాపీలు అయిపోయాయి. పిల్లలు మళ్లీ అచ్చువేయిద్దామని సీడీ తెచ్చారు. సీడీ బాగానే ఉంది, ఫైలు తెరుచుకుంది. ఒక్క అక్షరం చదవలేకపోయాం. ఆ ఫాంటు అమ్మిన కంపెనీ ఇప్పుడు లేదు. ఎవరింట్లోనో మిగిలిన ఒక పుస్తకం తెప్పించి మొదటి నుంచి టైపు చేయిస్తున్నాం. ఈ పుస్తకానికి కాగితం కాపీ దొరికింది. దొరకనివి ఎన్ని? కాలేజీ మ్యాగజైన్లు, స్థలపురాణాలు, కరపత్రాలు, సంఘాల నివేదికలు, మన ప్రెస్సుల అటకల మీద ఎన్ని ఉన్నాయి?

డీటీపీ మిత్రులారా, పాత కంప్యూటర్‌ని పాత సామాన్ల వాడికి వేసేముందు అందులో హార్డ్ డిస్క్ తీసి ఉంచండి. పాత సంఖ్యల్ని యూనికోడ్‌లోకి మార్చే ప్రోగ్రాములు చాలా ఫాంట్లకు ఉన్నాయి. లేనివాటికి పట్టిక రాయడం పెద్ద విద్య కాదు, కంప్యూటర్ చదివే ఈ పిల్లలు రాయగలరు. రాస్తారా? చేతులెత్తండి. సంతోషం. గ్రంథాలయం వారిని నేనడిగేది ఒక బీరువా, ఒక కంప్యూటర్, ఆదివారాలు ఒక గది. సీడీ తెచ్చేవాళ్లు కవరు మీద ఫాంటు పేరు, ఏ సాఫ్ట్‌వేర్‌లో చేశారో తప్పకుండా రాయండి. ఆ పేరు తెలియకపోతే పని పదింతలవుతుంది. మార్చాక వత్తులు తారుమారవుతాయి, కాబట్టి ప్రూఫు చూడడానికి రిటైరైన తెలుగు మాస్టార్లు కావాలి.

మాస్టారి పుస్తకంలో టైపు అయిన మొదటి ప్రకరణం ఆ బల్ల మీద పెట్టాను. కనిగిరి, పామూరు వైపు వాళ్లు వెళ్లేముందు ఒకసారి చూసి, మాట తప్పుగా పడి ఉంటే పెన్సిల్‌తో దిద్దండి. పెన్సిళ్లు పక్కనే ఉన్నాయి.