వరస తేలని బంధువులు

సభకు నమస్కారం.

కర్నూలులో నిలబడి రాతియుగం గురించి మాట్లాడడానికి ఎక్కువ దూరం వెళ్లనక్కరలేదు. బేతంచెర్ల దగ్గరి బిల్లసర్గం గుహలను 1880లలోనే భూగర్భ శాస్త్రవేత్త రాబర్ట్ బ్రూస్ ఫుట్, ఆయన కుమారుడు తవ్వి చూశారు. కేతవరం రాళ్ల మీద ఆనాటివారు గీసిన బొమ్మలు నేటికీ ఉన్నాయి. అయితే ఆ గుహల్లో ఎవరికి ఎవరు ఏమయ్యేవారో ఎముకలు చెప్పవు. ఆ ఖాళీని ఇప్పుడు పిల్లల కార్టూన్లు నవ్వుతో నింపుతున్నాయి.

1960లో మొదలైన ‘ది ఫ్లింట్‌స్టోన్స్’ పేరుకే రాతియుగం; అందులో ఉన్నది ఆనాటి అమెరికా వీధి. అయినా 1963లో బార్నీ, బెట్టీ దంపతులు తమ గడప ముందు దొరికిన బామ్‌బామ్ అనే పసివాడిని పెంపకానికి తెచ్చుకోవడం గుర్తుంచుకోదగినది. ఒక బిడ్డను ఇంట్లోకి తెచ్చుకోవడం ఒక ఎత్తు, ఒక ఇంటినే మరో ఇంట్లోకి తెచ్చుకోవడం మరో ఎత్తు. ఈ రెండోది 2021లో వచ్చిన ‘ది క్రూడ్స్: ఫ్యామిలీ ట్రీ’ సీరీస్‌లో ఉంది.

2013, 2020 చిత్రాల తరువాతి కథ ఇది. గుహలో పెరిగిన క్రూడ్స్ కుటుంబం, చక్కగా కట్టుకున్న చెట్టు ఇంట్లో నివసించే బెటర్‌మన్‌ల కుటుంబంతో కలిసి ఒకే తోటలో బతుకుతుంది. రెండు కుటుంబాలకూ నడుమ ఉన్నవాడు గై. తల్లిదండ్రులను పోగొట్టుకున్న ఈ కుర్రవాడు క్రూడ్స్ అమ్మాయి ఈప్‌ను ప్రేమించి వాళ్ల వెంట నడిచాడు. ఫిల్, హోప్ బెటర్‌మన్‌లు అతని తల్లిదండ్రుల స్నేహితులు; అతడిని తమ కూతురు డాన్‌కు ఇచ్చి చేయాలని కూడా వాళ్లు ఆశపడ్డారు. అందుకే రెండో చిత్రంలో ఫిల్, ఈప్ తండ్రి గ్రగ్‌ను మంచి మాటలతో మచ్చిక చేసుకొని, గైని తమ దగ్గరే వదిలి వెళ్లేలా ఒప్పిస్తాడు.

మన సీమలో ఈ పరిస్థితికి ఒక సగం మాట ఉంది: ఇల్లటం. మగదిక్కు లేని ఇంటికి అల్లుడిని తెచ్చుకొని కొడుకులా భాగం ఇచ్చే ఈ ఆచారాన్ని మద్రాసు హైకోర్టు కూడా గుర్తించింది. అలా వచ్చినవాడికి పుట్టింటి హక్కు కూడా పోదు. గై దాదాపు అలాంటివాడే. అయితే క్రూడ్స్‌కు కొడుకు థంక్ ఉన్నాడు. పైగా గ్రగ్ ఇంట్లోనే అతని అత్తగారు ఉంటుంది. ‘ఇంకా బతికే ఉన్నాను’ అనే ఆమె మాట మొదటి చిత్రంలో అల్లుడి నిరాశకు ప్రతిసారీ సమాధానం. ఇల్లటపు అల్లుడి మాట సరే, ఇల్లటపు అత్తకు మనమూ పేరు పెట్టుకోలేదు.

నన్ను ఎక్కువగా ఆకట్టుకున్నది మాత్రం నిద్ర. క్రూడ్స్ ఒకరి మీద ఒకరు కుప్పగా పడి నిద్రపోతారు; బెటర్‌మన్‌ల ఇంట్లో ఎవరి గది వారిది. అందరూ ఒక చోట పడుకోవడం గ్రగ్ దృష్టిలో కాపలా, హోప్ దృష్టిలో అనాగరికత. ఎవరి మర్యాద వారికి సహజం కాబట్టి ఎవరికీ తాము అవమానిస్తున్నామని తోచదు. హోప్ నవ్వుతూనే ఎదుటివారిని తక్కువ చేస్తుంది. కోపం వస్తే పైకే అరిచే గ్రగ్‌తో వేగడమే నయం.

ఇక్కడ నా ఇంటి సంగతి ఒకటి చెబుతాను. మా చిన్నమ్మ కూతురు మారుమనువు చేసుకున్నప్పుడు ఆమె కొడుక్కి తొమ్మిదేళ్లు. ఆ వేసవిలో అందరూ మిద్దె మీద వరసగా చాపలు పరుచుకుంటే, వాడు మాత్రం తన చాపను నీళ్ల తొట్టి పక్కకు ఈడ్చుకొని పోయేవాడు. కొత్తగా వచ్చిన మనిషిని ‘సార్’ అని పిలిచేవాడు. ఎవరూ ఏమీ అనలేదు. మామిడికాయలు అయిపోయే నాటికి చాప రెండు మూరలు జరిగింది, మరుసటి ఏడాదికి ‘సార్’ ‘చిన్నాయన’ అయ్యాడు. వరస కలవడానికి ముందు చాప జరగాలి కాబోలు.

ఫ్యామిలీ ట్రీ రచయితలు ఆ సంగతి పట్టుకున్నారని నా నమ్మకం. గ్రగ్, ఫిల్ వియ్యంకులు కారు. కానీ వియ్యంకుల పోటీ అంతా వాళ్ల మధ్య నడుస్తుంది. వరస పేరు లేకపోయినా ఆ తోటలో పనులు ఆగవు. ఈప్, డాన్ మాత్రం మొదటి చిత్రంలో లేని ఆడపిల్లల స్నేహాన్ని తెస్తారు. పెద్దవాళ్ల గొడవలను దాటి రెండు ఇళ్లనూ కలిపేది ఎక్కువగా వాళ్లే.

ఒక్క చోట మాత్రం నేను ఈ కథను నమ్మలేను. ఆ తోట ఎవరిది అని గట్టిగా పేచీ పెట్టుకొనే మనిషి అందులో లేడు. ఇదే కథ మన పల్లెల్లో నడిచి ఉంటే, మొదటి భాగం పూర్తయ్యేలోపే పెద్ద మనుషులు కూర్చొని ఉండేవారు, రెండో భాగానికి గట్టు పడి ఉండేది.