మిల్టన్ గొన్సాల్వెస్: కోటు వేషం అడిగిన నటుడు

సభకు నమస్కారం.

1975లో బ్రెజిల్‌లో ఒక నటుడు జనెట్ క్లెయిర్ అనే సీరియల్ రచయిత్రిని ఒక కోరిక కోరాడు. పెద్ద వేషం కాదు, హీరో వేషం కాదు. కోటు వేసుకుని టై కట్టుకునే వేషం ఒకటి రాసిపెట్టమన్నాడు. అప్పటికి ఆయన నాటకాల్లోకి వచ్చి ఇరవై ఏళ్లు కావస్తోంది, టీవీలో పదేళ్లు. వీధిలో నడిస్తే జనం గుర్తుపట్టే ముఖం. అయినా నోరు తెరిచి అడిగితే తప్ప ఆ కోటు ఒంటి మీదికి రాలేదు. ఆయన పేరు మిల్టన్ గొన్సాల్వెస్. నల్లజాతి నటుడు. ఈ సాయంత్రం ఆయన గురించే మాట్లాడతాను.

బ్రెజిల్ గురించి ఒక్క ముక్క ముందే చెప్పాలి. అమెరికా ఖండాల్లో బానిసత్వాన్ని అందరికంటే ఆఖరున, 1888లో రద్దు చేసిన దేశం అది. ఇవాళ జనాభాలో సగం మందికి పైగా మేం నల్లవాళ్లం, లేదా మిశ్రమ జాతివాళ్లం అని చెప్పుకుంటారు. టీవీ పెడితే మాత్రం చాలాకాలం ఆ సగం మంది కనిపించేది డ్రైవరుగా, వంటమనిషిగా, దొంగగా, బానిసగా.

మిల్టన్ 1933 డిసెంబరు 9న మినాస్ జెరైస్ రాష్ట్రంలోని మోంటె సాంటో అనే చిన్న ఊళ్లో పుట్టాడు. చిన్నప్పుడే కుటుంబం సావో పాలో నగరానికి వచ్చింది. చెప్పులు కుట్టేచోట పని నేర్చుకున్నాడు, దర్జీ దగ్గర చేశాడు, తర్వాత ప్రింటింగ్ ప్రెస్‌లో కుదిరాడు. ఆ రోజుల్లో ఒక నాటకం చూశాడు, ఇక అంతే. ముందు ఔత్సాహిక బృందాల్లో వేషాలు కట్టాడు. 1950ల చివరికి అరేనా థియేటర్‌లో తేలాడు.

ఇక్కడ కాస్త ఆగుతాను, ఎందుకంటే మీలో నాటకాలు ఆడేవాళ్లున్నారు. జోసె రెనాటో 1953లో మొదలుపెట్టిన బృందం ఇది. వాళ్ల హాలు చాలా చిన్నది, నూట యాభై మంది కూర్చుంటే నిండిపోయేది. మధ్యలో ఆట, చుట్టూ ప్రేక్షకులు. తెర లేదు, రంగులేసిన సెట్టింగులు నిలబెట్టే చోటు లేదు. ఖర్చు తక్కువని ఎంచుకున్న పద్ధతే నటులకి బడి అయింది. మన పరిషత్తు నాటకాల్లో నటుడు ఎంత ఏడుస్తున్నా ఒక కన్ను మైకు మీదే ఉంటుంది కదా. అక్కడ ఆ వీల్లేదు. ఎటు తిరిగినా ఎవరో ఒకరికి వీపు చూపించాల్సిందే, ఆ వీపు కూడా నటించాల్సిందే. మొదటి వరుస ప్రేక్షకుడు చెయ్యి చాపితే తగిలేంత దూరం. గొంతు చించుకుంటే నవ్వుతారు. తర్వాత కెమెరా ముందు మిల్టన్‌కి ఉన్న ఆ నిమ్మళం ఇక్కడ వచ్చిందేనని నా నమ్మకం.

1958 ఫిబ్రవరి నాటికి ఆ థియేటర్ అప్పుల్లో ఉంది. మూసేద్దామనుకున్నారు. పోతూపోతూ ఒక నాటకం ఆడి పోదామని జాన్‌ఫ్రాంచెస్కో గువార్నియెరి అనే ఇరవై మూడేళ్ల కుర్రాడు రాసింది తీసుకున్నారు. దాని పేరుకి అర్థం ‘వాళ్లు బ్లాక్ టై కట్టుకోరు’, బ్లాక్ టై అంటే గొప్పవాళ్లు విందులకి వేసుకునే దుస్తులు. కొండవాలు మురికివాడలో ఒక కార్మిక కుటుంబం. తండ్రి సమ్మె నడిపిస్తాడు. కొడుకు, ప్రేమించిన పిల్ల గర్భవతి, ఉద్యోగం పోతుందన్న భయంతో సమ్మెని కాదని పనిలోకి పోతాడు. తండ్రి ఇంట్లోంచి పొమ్మంటాడు. చివరిదనుకున్న ఆ నాటకం ఏడాదికి పైగా ఆడి థియేటర్‌ని బతికించింది. అందులో తండ్రికి తోడుగా నిలిచే బ్రౌలియో అనే కార్మికుడి వేషం మిల్టన్‌ది. నిన్నమొన్నటి దాకా ప్రెస్‌లో పనిచేసిన మనిషికి కార్మికుడు ఎలా నిలబడతాడో ఒకరు నేర్పాలా!

1965లో రియో డి జనీరోలో గ్లోబో టీవీ మొదలైంది. తొలినాళ్ల నటుల్లో ఈయన ఒకడు. అక్కడి సీరియల్ మనలా పదేళ్లు సాగదు. వారానికి ఆరు రోజులు వస్తుంది, ఏడెనిమిది నెలల్లో కథ అయిపోతుంది. అదే ఛానెల్ 1969లో ‘అంకుల్ టామ్స్ కేబిన్’ కథని సీరియల్ తీసింది. నల్లజాతి బానిస టామ్ వేషం ఎవరికిచ్చారనుకున్నారు? సెర్జియో కార్డోసో అనే తెల్ల నటుడికి, ఒంటికి నల్లరంగు పులిమి. ఆయన గొప్ప నటుడు, అందులో పేచీ లేదు. కానీ అదే సంస్థ జీతంలో నల్లజాతి నటులుండగా జరిగిన పని ఇది. నాటక రచయిత ప్లీనియో మార్కోస్ లాంటివాళ్లు గట్టిగానే గొడవ చేశారు.

1973కి వద్దాం. ‘ఓ బెమ్ అమాడో’, బ్రెజిల్‌లో మొదటి కలర్ సీరియల్, డియాస్ గోమెస్ రచన. సుకుపిరా అనే ఊరి మేయరు ఓట్ల కోసం శ్మశానం కట్టిస్తాడు. తీరా ప్రారంభిద్దామంటే ఊళ్లో ఎవరూ చావరు! అది సైనిక పాలన కాలం. మేయరుని ‘కల్నల్’ అని పిలవకూడదని సెన్సారు వాళ్లు సీరియల్ మధ్యలో నిషేధం పెట్టారు, యూనిఫాం వేసుకున్నవాళ్లు నొచ్చుకుంటారట. ఆ ఊళ్లో మిల్టన్ వేసింది జెలావో అనే జాలరి. దేవుడికి మొక్కుకున్నాడు, రెక్కలు కట్టుకుని ఎగరాలని. ఊరంతా పిచ్చివాడంటుంది. నెలల తరబడి రెక్కలు తయారు చేసుకుంటూనే ఉంటాడు. నవ్వించడం కోసం కట్టిన ఊరు అది. అందులో ఈయన ఒక్కచోట కూడా ‘నాకూ తెలుసులెండి ఇది వేళాకోళమని’ అన్నట్టు ప్రేక్షకుడికి కన్నుగీటడు. జెలావోకి మొక్కు మొక్కే. చివరి ఎపిసోడ్‌లో ఎగురుతాడు. నిజంగానే, ఊరి మీదుగా. చూసినవాళ్లు దాన్ని స్వేచ్ఛ కిందే లెక్కేసుకున్నారు, సెన్సారు ఏం లెక్కేసుకుందో మరి.

అంత పేరొచ్చాక కూడా దక్కనిది, మొదట చెప్పానే, ఆ కోటు. జనెట్ క్లెయిర్ మాట నిలబెట్టుకుంది. 1975 నాటి ‘పెకాడో కపిటల్’ సీరియల్‌లో డాక్టర్ పెర్సివల్ అనే మానసిక వైద్యుడి పాత్ర రాసింది. చదువుకున్నవాడు, పదిమందికి సలహా చెప్పేవాడు. ఒక నల్లజాతి డాక్టరు రాత్రిపూట జనం ఇళ్లలోకి రావడం అప్పట్లో వార్త.

మరుసటి ఏడాది ఆయన కెమెరా వెనక్కి వెళ్లాడు. బానిస యువతి కథ ‘ఎస్క్రావా ఇజౌరా’ని హెర్వల్ రొసానోతో కలిసి డైరెక్ట్ చేశాడు. చైనా, క్యూబా, పోలండ్ దాకా వెళ్లిన సీరియల్ అది. నాకు మింగుడుపడని సంగతి ఒకటుంది ఇందులో. ఆ బానిస నాయిక తెల్లగా ఉంటుంది, మూల నవలలోనే అంత. బానిసత్వం మీద దేశదేశాల్లో కన్నీళ్లు తెప్పించిన కథలో కన్నీళ్లు తెల్లపిల్ల కోసం! దాన్ని నడిపించిన ఇద్దరిలో ఒకడు నల్లజాతివాడు. రాజీ అంటారా, పని చేతిలోకి తీసుకోవడం అంటారా? నేను రెండోదే అంటాను. డైరెక్టరు కుర్చీ కూడా ఆయన లాంటివాళ్లకి అప్పటిదాకా అందని కోటే కదా.

ఆయన మంచివాడి వేషాలకే కట్టుబడలేదు. 1974లో ‘ఎ రైన్యా డియాబా’ సినిమాలో మత్తుమందుల ముఠా నడిపే స్వలింగ ప్రేమికుడిగా వేశాడు, బహుమతులు తెచ్చుకున్నాడు. 2008లో ‘ఎ ఫవొరిటా’ సీరియల్‌లో అవినీతి రాజకీయ నాయకుడు. నల్లజాతి నాయకుణ్ణి టీవీలో చూపించేదే అరుదు, అందులోనూ లంచగొండిగానా అని నొచ్చుకున్నవాళ్లు ఉన్నారు. వాళ్ల బాధ అర్థమవుతుంది. కానీ దేవుడి వేషం ఒక్కటే వేయాలన్నా, దొంగ వేషం ఒక్కటే వేయాలన్నా నటుడికి అది సంకెలే. అన్నట్టు నిజం రాజకీయాల్లోకీ దిగాడు. 1994లో రియో రాష్ట్ర గవర్నరు పదవికి పోటీ చేసి ఓడిపోయాడు.

గ్లోబో సీరియల్‌లో ఒక నల్లజాతి నటి, టైస్ అరాఉజో, ప్రధాన నాయిక అయ్యేసరికి 2004 వచ్చింది. ఛానెల్ పుట్టిన ముప్ఫై తొమ్మిదేళ్లకి. మిల్టన్ ఆ కాలమంతా ఆ ఇంట్లోనే ఉన్నాడు, పనిచేస్తూ, అడుగుతూ. 2019 క్రిస్మస్‌కి వచ్చిన ఒక ప్రత్యేక కార్యక్రమంలో నల్లజాతి కుటుంబానికి తాతయ్యగా, శాంటా క్లాజ్ అయ్యే ముసలాయనగా కనిపించాడు. 2022 మే 30న రియోలో కన్నుమూశాడు. ఎనభై ఎనిమిదేళ్లు. ప్రజల చివరి చూపు కోసం ఆయన్ని నగర మున్సిపల్ థియేటర్‌లో ఉంచారు.

కుర్రాళ్లు ఆయనది ఏదైనా చూస్తామంటే, ఆ సమ్మె నాటకాన్నే 1981లో లియోన్ హిర్ష్‌మన్ సినిమాగా తీశాడు, వెనిస్ చిత్రోత్సవంలో జ్యూరీ ప్రత్యేక బహుమతి పొందింది. అది చూడండి. స్టేజీ మీద కొడుకు వేషం వేసిన గువార్నియెరి సినిమాకొచ్చేసరికి తండ్రి అయ్యాడు. మిల్టన్ మాత్రం ఇరవై మూడేళ్ల తర్వాత కూడా అదే బ్రౌలియో. కాకపోతే ఈసారి కథ మార్చారు, సమ్మెలో బ్రౌలియో కాల్పుల్లో చనిపోతాడు. అంతకు రెండేళ్ల ముందు సావో పాలోలో సాంటో డియాస్ అనే కార్మిక నాయకుణ్ణి ఫ్యాక్టరీ గేటు దగ్గర పోలీసులు నిజంగానే కాల్చి చంపారు. సినిమాలో జనాన్ని శాంతపరచడానికి మిల్టన్ ఎంత గొంతు వాడతాడో గమనించండి, చాలా తక్కువ.

ప్రశ్నలుంటే అడగండి, ఇంకా పది నిమిషాలుంది.