ట్రాన్స్‌ఫార్మర్ ఎందుకు కాలుతుంది?

శ్రోతలకు నమస్కారం.

పొలంలో ట్రాన్స్‌ఫార్మర్ కాలిందంటే రాష్ట్రంలో కరెంటు చాలడం లేదని చాలామంది అనుకుంటారు. ఉత్పత్తి తగ్గితే కోతలు పడతాయి గాని ట్రాన్స్‌ఫార్మర్లు కాలవు. అవి కాలేది ఎక్కువగా లోడు మీరడం వల్లే.

లెక్క చిన్నదే. 100 కేవీఏ సామర్థ్యమున్న ట్రాన్స్‌ఫార్మర్ ఒక్కో ఫేజుకు సుమారు 133 ఆంపియర్లు ఇస్తుంది. 5 హెచ్‌పీ మోటారు 7 ఆంపియర్ల దాకా లాగుతుంది. అంటే పద్దెనిమిది, పందొమ్మిది మోటార్లు. పైన ఇంకో ఐదారు అనధికారంగా తగిలితే ఓల్టేజీ పడిపోతుంది. అది పడితే మోటారు అదే నీటికి ఇంకా ఎక్కువ ఆంపియర్లు లాగుతుంది. ఆటో స్టార్టర్లుంటే చెప్పక్కర్లేదు: కరెంటు రాగానే మోటార్లన్నీ ఒక్కసారే లేస్తాయి, లేచేటప్పుడు ఐదారు రెట్లు లాగుతాయి. ఫ్యూజు పోవలసిన చోటు అది. మాటిమాటికీ పోతోందని లావుపాటి తీగ కడితే, ఫ్యూజుకు బదులు ట్రాన్స్‌ఫార్మర్ లోపలి తీగచుట్ట, అంటే వైండింగ్, పోతుంది. 5 హెచ్‌పీకి 2 కేవీఏఆర్ కెపాసిటర్ బిగిస్తే ఈ భారం కొంత దిగుతుంది. ట్రాన్స్‌ఫార్మర్‌లో తేమను పీల్చే సిలికా జెల్ గుళికలు నీలం పోయి గులాబీ రంగుకు తిరిగాయంటే తేమ పట్టిందని, వెంటనే మార్పించాలి.

అదనపు ట్రాన్స్‌ఫార్మరో, కొత్త 33/11 కేవీ సబ్‌స్టేషనో కావాలంటే డబ్బు కావాలి. కరెంటు పంపిణీ సంస్థలైన డిస్కంలు దాన్ని ఎక్కువగా విద్యుత్ రంగానికి అప్పులిచ్చే ప్రభుత్వ సంస్థలు ఆర్‌ఈసీ, పీఎఫ్‌సీల దగ్గర అప్పు తెచ్చి, కరెంటు ధరలు ఖరారు చేసే విద్యుత్ నియంత్రణ మండలి ఒప్పుకున్న మేరకు బిల్లుల్లో రాబడతాయి. తెలుగు రాష్ట్రాల్లో వ్యవసాయానికి 2004 నుంచి కరెంటు ఉచితం కనుక ఆ వాటా రాష్ట్ర ఖజానా ఇవ్వాలి. 2003 విద్యుత్ చట్టం 65వ సెక్షన్ సబ్సిడీని ముందుగానే చెల్లించమంటుంది. అది ఆలస్యమైతే డిస్కం కరెంటు కొనడానికే అప్పు చేస్తుంది. అప్పుడు మొదట వాయిదా పడేవి ఎవరికీ కనబడని పనులు: ఆయిల్ వడపోత, పాత తీగల మార్పిడి, ఎర్తింగ్.

కరెంటు పంపిణీని బాగుచేయడానికి 2021లో కేంద్రం తెచ్చిన ఆర్‌డీఎస్‌ఎస్ పథకంలో లైన్లు, సబ్‌స్టేషన్ల పనులకు సాధారణ రాష్ట్రాలకు 60 శాతం దాకా గ్రాంటుంది. దానికీ షరతులున్నాయి: లెక్కలు సకాలంలో ప్రకటించాలి, సబ్సిడీ బకాయి ఉండకూడదు. ఖజానా ఆలస్యం చేస్తే ఇక్కడా దెబ్బే.

డిస్కంలు వచ్చే ఏడాది ఖర్చుల అంచనాను మండలికి ఇచ్చాక బహిరంగ విచారణ జరుగుతుంది. అందరి కళ్లూ యూనిట్ ధర మీదే ఉంటాయి. మరమ్మతులకు ఎంత అడిగారు, నిరుడు మంజూరైనదాంట్లో ఎంత ఖర్చుపెట్టారు, ఎన్ని ట్రాన్స్‌ఫార్మర్లు కాలాయి? ఈ మూడూ అక్కడే అడగవచ్చు.