తోచట్లేదు బాబూ

అందరికీ నమస్కారం. ముప్ఫై ఏళ్లు బస్సులో అరిచిన గొంతు నాది, ఈ మైకు అక్కర్లేదు గానీ పెట్టారు కాబట్టి ఉండనివ్వండి.

ఒంటరితనం గురించి మాట్లాడమన్నారు. శ్రీకాకుళంలో ఆ మాట ఎవరి నోటా వినలేదు. మనవాళ్లు 'తోచట్లేదు' అంటారు. అక్కడితో ఆపేస్తారు.

మన ఆర్టీసీ కాంప్లెక్సుకి సాయంత్రం ఐదయ్యేసరికి ఒక ముసలమ్మ వస్తుంది. విశాఖ బస్సులు ఆగే చోట కూర్చుంటుంది. బస్సు తప్పిందేమోనని ఒకరోజు "ఏ ఊరెళ్లాలమ్మా?" అనడిగాను. "ఏ ఊరూ లేదు బాబూ. ఇంటికాడ ఎవులున్నారు?" అంది. కొడుకూ కోడలూ హైదరాబాదులో సెంట్రింగ్ పనిలో ఉన్నారట. చేతిసంచిలో ఫోనూ చార్జరూ ఉంటాయి. టీ కొట్టులో చార్జింగు పెట్టించుకుంటుంది. ఇంట్లో కరెంటు లేక కాదు. చార్జింగు ఎక్కేదాకా ఆ బల్ల మీద కూర్చుంటే, ఎందుకు కూర్చున్నావని ఎవరూ అడగరు. కొట్టతనికీ తెలుసు. ఫుల్లయినా తీసివ్వడు.

ఇలాంటి సాకులు వీధికి నాలుగు దొరుకుతాయి. మందుల షాపులో రోజూ బీపీ చూపించుకునేవాళ్లు, గీసుకోవడానికి గెడ్డం లేకపోయినా సెలూన్‌లో పేపరు తిరగేసేవాళ్లు.

పిల్లల్ని తప్పుపట్టలేం. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను ఉద్దానంలో కొబ్బరి, జీడి తోటల్ని పడగొట్టింది. కొబ్బరి మొక్క మళ్లీ కాపుకి రావాలంటే ఏళ్లు పడుతుంది, అంతదాకా పొయ్యి ఆగదు కదా. బెస్తవాళ్లు అంతకుముందు నుంచే గుజరాత్‌లో వేరావల్ దాకా పోతున్నారు. అదే ఏడాది నవంబరులో అలా వెళ్లిన మనవాళ్లను పాకిస్తాన్ పట్టుకుంది, 2020 జనవరిలో గానీ వదల్లేదు. ఆ ఇళ్లలో ఎదురుచూపులు పేపర్లో పడ్డాయి. ముసలమ్మ ఎదురుచూపు ఏ పేపర్లో వేస్తారు?

రైలు కూడా ఊళ్లోకి రాదు మనకి. 10 కిలోమీటర్లకు పైనే ఉన్న ఆమదాలవలసలో దిగాలి. స్టేషన్ పేరే శ్రీకాకుళం రోడ్డు! పండక్కి వచ్చిన పిల్లల్ని అక్కడ ఎక్కించి, ఖాళీ ఆటోలో తిరిగొచ్చిన తండ్రులు ఈ హాల్లోనే ఉన్నారు. ఆ దారంతా ఏం ఆలోచించారో నేను అడగను.

రిటైరైనవాడికి ఆ ముసలమ్మ రోజూ వస్తుందని ఎలా తెలుసని మీలో ఎవరో అడగబోతున్నారు. మా ఆవిడ పోయి రెండేళ్లయింది. బస్సుల టైములు ఏమైనా మారాయేమో, చూసొద్దామని వెళ్తుంటాను.